ఓలి నుంచి కట్నం దాకా: చనిపోయిన ఆడపిల్ల తరఫున కోర్టు ఎప్పుడు మాట్లాడింది?

ఈ పోస్టు పొడవుగా ఉంటుంది, ఓపిగ్గా చదవండి. మన అక్కాచెల్లెళ్ళ ప్రాణాలకి సంబంధించిన చరిత్ర ఇది.

ఈ మధ్య మన ఊళ్ళల్లో పెళ్ళి మాటలు జరిగేటప్పుడు ఒక కొత్త మాట వినపడుతోంది. "బండి ఏమన్నా పెడతారా?" అని. అబ్బాయికి చిన్న ఉద్యోగం ఉంటే బండి, టీచరు పోస్టో కానిస్టేబుల్ పోస్టో ఉంటే బంగారం, డబ్బు. అడిగేవాళ్ళు దీన్ని కట్నం అనరు. "మర్యాద" అంటారు, "సాయం" అంటారు. మన అవ్వలని అడిగితే నవ్వుతారు. వాళ్ళ కాలంలో డబ్బులు ఇటునుంచి అటు పోలేదు, అటునుంచి ఇటు వచ్చాయి. దాన్నే ఓలి అన్నారు.

ఓలి తలకిందులై కట్నం ఎలా అయింది, కట్నం కోసం ఆడపిల్ల చనిపోతే కోర్టులు ఏం చేశాయి, ఆ తీర్పుల్లో మనకి పనికొచ్చేది ఏముంది? ఈ మూడు ముక్కలు చెప్పుకుందాం.

1. డబ్బు దారి మార్చుకుంది

కొండరెడ్లు, కోయలు, కొండదొరలు, భగతలు, మన కొండల్లో చాలా తెగల్లో పెళ్ళికొడుకు వైపువాళ్ళే ఓలి ఇచ్చేవాళ్ళు. పిల్ల పుట్టింట్లో చేసే పనికి, పోడులో ఆమె చేతికి ఒక విలువ ఉందని ఒప్పుకోవడం అందులో ఉంది. మొగుడితో పడకపోతే పుట్టింటికి రావచ్చు, ఇంకొకర్ని చేసుకోవచ్చు. పెద్దలు కూర్చుని ఓలి తిరిగి ఇప్పించేవాళ్ళు, తప్పు కట్టించేవాళ్ళు. అయితే ఓలిని పూర్తిగా మంచిదని చెప్పలేం. "ఓలి ఇచ్చి తెచ్చుకున్నాం" అని కోడల్ని కొట్టిన ఇళ్ళు కూడా ఉన్నాయి. కానీ తెచ్చిన డబ్బు చాలలేదని కోడల్ని చంపే అలవాటు ఓలిలో పుట్టదు, ఎందుకంటే అందులో ఇచ్చేవాడు మగపెళ్ళివాడే.

మైదానంలో కథ వేరు. గురజాడ 'కన్యాశుల్కం' నాటకం 1892లో మొదట ఆడారు, 1897లో అచ్చయింది. ఆ నాటకం పుట్టింది మన విశాఖ వైపే. విజయనగరం మహారాజు అప్పటి విశాఖపట్నం జిల్లాలో బ్రాహ్మణుల ఇళ్ళల్లో జరిగిన కన్యాశుల్కం పెళ్ళిళ్ళ లెక్క తీయిస్తే మూడేళ్ళలో 1,034 తేలాయని గురజాడ ముందుమాటలో రాశారు. అక్కడ పసిపిల్లల్ని ముసలివాళ్ళకి అమ్మేవాళ్ళు. తర్వాత ఒక్క తరం గడిచేసరికి బేరం తిరగబడింది. ఇంగ్లీషు చదువు, సర్కారు ఉద్యోగం వచ్చిన కుర్రాడికి ధర పలికింది. 1920ల్లో కాళ్ళకూరి నారాయణరావు 'వరవిక్రయం' రాసేసరికి అమ్ముడుపోయేది పెళ్ళికొడుకు. ఆ నాటకంలో కాళింది ఆత్మహత్య చేసుకుంటుంది. అంటే ఈ చావులు అప్పటికే జనానికి తెలిసినవే.

మన కొండల మీదికి ఇది ఆలస్యంగా వచ్చింది. సీలేరు మీద ప్రాజెక్టులు కట్టారు, డొంకరాయి డ్యామ్ వచ్చింది, ఇక్కడి నీళ్ళు పవర్ కెనాల్‌లో పొల్లూరు దాకా పోయి కరెంటు అవుతున్నాయి. ప్రాజెక్టుతో పాటు కాలనీలు, క్వార్టర్లు, జీతాలు, కింద ఊళ్ళ పెళ్ళి మర్యాదలూ వచ్చాయి. తర్వాత మన పిల్లలు చదువుకున్నారు, కొందరికి ఉద్యోగాలు వచ్చాయి. చదువు మనకి మంచే చేసింది, చదువు వల్లే ఇది రాస్తున్నాం. కానీ ఉద్యోగం ఉన్న కుర్రాడికి ధర కట్టడం కూడా దాని వెనకే ఘాట్ రోడ్డు ఎక్కింది. మైదానంలో వందేళ్ళ కింద జరిగింది మన దగ్గర ఇప్పుడు జరుగుతోంది. అందుకే వాళ్ళ కోర్టుల చరిత్ర మనం ముందే చదువుకోవాలి.

2. చట్టం ఉంది, పళ్ళు లేవు

చాలామందికి తెలియని విషయం: కట్నం మీద దేశం మొత్తానికి చట్టం రాకముందే మన రాష్ట్రం చట్టం చేసింది. ఆంధ్రప్రదేశ్ వరకట్న నిషేధ చట్టం 1958లో వచ్చింది. అంతకుముందు బీహార్‌లో 1950లో ఒకటి ఉంది. 1961లో కేంద్రం వరకట్న నిషేధ చట్టం తెచ్చి ఆ రెండింటినీ రద్దు చేసింది.

1961 చట్టంలో శిక్ష ఆరు నెలల జైలు, లేదా 5,000 రూపాయల జరిమానా. పోలీసులు సొంతంగా కేసు పట్టేది కాదు, ఎవరో ఒకరు ఏడాది లోపల ఫిర్యాదు ఇవ్వాలి. ఇచ్చినవాడూ నేరస్తుడే అన్నారు. మరి ఫిర్యాదు ఎవరిస్తారు? కూతుర్ని అత్తారింట్లో పెట్టుకున్న తండ్రి నోరు తెరుస్తాడా? పాతికేళ్ళు ఆ చట్టం దాదాపు కాగితంగానే మిగిలింది.

పిల్ల చనిపోతే మరీ ఘోరం. వంటింట్లో స్టవ్ పేలింది అనేవాళ్ళు, నూతిలో జారిపడింది అనేవాళ్ళు. హత్య అని నిరూపించాలంటే చూసిన సాక్షి కావాలి. నాలుగు గోడల మధ్య జరిగినదానికి సాక్షులంతా అత్తింటివాళ్ళే. వాళ్ళెందుకు చెబుతారు?

దీన్ని వీధిలోకి తెచ్చింది ఆడవాళ్ళే. 1970ల మధ్యలో హైదరాబాద్‌లో ప్రోగ్రెసివ్ ఆర్గనైజేషన్ ఆఫ్ విమెన్ వాళ్ళు కట్నానికి వ్యతిరేకంగా ఊరేగింపులు తీశారు. ఎమర్జెన్సీ వచ్చి ఆ గొంతు నొక్కేసింది. తర్వాత 1979 నుంచి ఢిల్లీలో ఉద్యమం లేచింది. అందులో సత్యరాణి చడ్డా అనే తల్లి ఉంది. 1979లో గర్భిణి అయిన ఆమె కూతురు కాలి చనిపోయింది. ఆ కేసులో అల్లుడి శిక్షని ఢిల్లీ హైకోర్టు ఖాయం చేసింది 2013లో. 34 ఏళ్ళు పట్టింది. ఆ ముసలి తల్లి కోర్టు మెట్లెక్కుతూ ఇంకెందరో తల్లులకి తోడు నిలబడింది.

అదే ఢిల్లీలో 1980 డిసెంబరు 1న ఇంకో గర్భిణి కాలి చనిపోయింది. 1983లో సెషన్స్ జడ్జి భర్తకి, అత్తకి, బావకి ఉరిశిక్ష వేశారు. కొన్ని నెలలకే హైకోర్టు ముగ్గుర్నీ వదిలేసింది. 1985లో సుప్రీంకోర్టు మళ్ళీ నేరం ఖాయం చేసి భర్తకి, అత్తకి యావజ్జీవం వేసింది. ఒకే సాక్ష్యం, మూడు కోర్టులు, మూడు రకాల తీర్పులు. పాత చట్టంతో ఈ చావుల్ని తూచడం ఎంత కష్టమో దేశానికి అప్పుడు అర్థమైంది.

3. బరువు ఎవరి నెత్తిన?

1983లో 498ఎ వచ్చింది. పెళ్ళయిన ఆడదాన్ని భర్త, అతని బంధువులు హింసిస్తే మూడేళ్ళ దాకా జైలు. దాంతో పాటే సాక్ష్య చట్టంలో 113ఎ వచ్చింది: పెళ్ళయిన ఏడేళ్ళ లోపు ఆత్మహత్య జరిగి, క్రూరత్వం కనపడితే, భర్తవాళ్ళే పురికొల్పారని కోర్టు అనుకోవచ్చు.

1986లో అసలైన మార్పు 304బి, అంటే 'వరకట్న మరణం'. ఇది నాలుగు మాటల్లో గుర్తుపెట్టుకోండి. ఒకటి, కాలిన గాయాల వల్లో దెబ్బల వల్లో, మామూలుగా జరగని విధంగానో చావు జరగాలి. రెండు, పెళ్ళయిన ఏడేళ్ళ లోపు జరగాలి. మూడు, చావుకి ముందు దగ్గర కాలంలో భర్తో అతని బంధువులో హింస పెట్టి ఉండాలి. నాలుగు, ఆ హింస కట్నం కోసమే అయి ఉండాలి. ఈ నాలుగూ ప్రాసిక్యూషన్ చూపిస్తే, వాళ్ళే చావుకి కారణమని కోర్టు అనుకుని తీరాలి. కాదని రుజువు చేసుకునే బరువు నిందితుల మీదికి పోతుంది. శిక్ష ఏడేళ్ళకి తగ్గదు, యావజ్జీవం దాకా పోవచ్చు.

నేర చట్టంలో ఇది పెద్ద మలుపు. మామూలుగా నిందితుడు నోరు విప్పక్కర్లేదు, రుజువు బరువంతా సర్కారుదే. ఇక్కడ చనిపోయిన పిల్ల వచ్చి చెప్పలేదు కాబట్టి ఆమె ఇంట్లో ఉన్నవాళ్ళు జవాబు చెప్పాలి అన్నారు.

2024 జూలై 1 నుంచి కొత్త చట్టాలు వచ్చాయి కాబట్టి నంబర్లు మారాయి. 304బి ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో సెక్షన్ 80. 498ఎ అక్కడ 85, 86. ఆత్మహత్యకి పురికొల్పడం (పాత 306) ఇప్పుడు 108. విషయం మాత్రం అదే.

4. మన తెలుగు నేల కేసు: పసుపు కుంకుమ భూమి

ఇప్పుడు అందరూ చదవాల్సిన ఒక కేసు. ప్రేమ ఎస్. రావు కేసు అంటారు. ఆంధ్రప్రదేశ్‌ది. 1988లో పెళ్ళి. తండ్రి కూతురికి పసుపు కుంకుమ కింద కొంత భూమి, ఇంటి స్థలం ఇచ్చాడు. భర్త ఊళ్ళో బ్రాంచి పోస్టుమాస్టరు. భూమి తన పేరు మీదికి మార్చమని భార్యని సతాయించాడు. ఆమె ఒప్పుకోలేదు. ఆమె పేరు మీద వచ్చే ఉత్తరాల్ని కూడా అతను ఆమెకి ఇవ్వకుండా దాచాడు. పోస్టాఫీసు అతని చేతిలోనే కదా! ఆ ఉత్తరాలు ఆమెకి దొరికాయి, తండ్రికి ఇచ్చింది. దాంతో హింస ఇంకా ఎక్కువైంది. 1989లో, పెళ్ళయి రెండేళ్ళు నిండకముందే, విషం తాగి చనిపోయింది.

కింద కోర్టు 498ఎ కింద మాత్రమే శిక్ష వేసింది, వరకట్న మరణం కాదంది. హైకోర్టూ అంతే అంది. తల్లిదండ్రులు అక్కడితో ఆగలేదు, సుప్రీంకోర్టుకి వెళ్ళారు. 2002 అక్టోబరులో తీర్పు వచ్చింది. పిల్ల చనిపోయిన 13 ఏళ్ళకి.

సుప్రీంకోర్టు ఏమంది? పసుపు కుంకుమ కింద ఇచ్చిన భూమి తండ్రి తన ఇష్టంతో కూతురికి ఇచ్చిన స్త్రీధనం, దాన్ని భర్త తన పేరున రాయించుకోవాలని చూడటం కట్నం అడగడం కాదు, కాబట్టి 304బి కుదరదు అంది. కానీ అక్కడితో వదల్లేదు. ఆ హింసే ఆమెని చావుకి నెట్టింది, పెళ్ళయిన ఏడేళ్ళ లోపే జరిగింది, కాబట్టి 113ఎ ప్రకారం ఆత్మహత్యకి పురికొల్పిన నేరం రుజువైనట్టే అంది. 306 కింద విడిగా అభియోగం పెట్టలేదే అని భర్త తరఫు వాదన. వాస్తవాలన్నీ అభియోగంలో ఉన్నాయి, అతను వాటికి జవాబు చెప్పుకున్నాడు, సెక్షన్ నంబరు లేనంత మాత్రాన తప్పించుకోలేడు అని కోర్టు తేల్చింది. ఐదేళ్ళ కఠిన జైలు, 20,000 జరిమానా.

ఈ తీర్పు చదివినప్పుడు మాలో కొందరికి కోపం వచ్చింది. భూమి కోసం చంపడం కట్నం కోసం చంపడం కాదా అని. ఆ కోపం న్యాయమైనదే. కానీ రెండో వైపు కూడా చూడాలి. ఆ తల్లిదండ్రులు పై కోర్టుకి వెళ్ళకపోతే 306 శిక్ష కూడా ఉండేది కాదు.

మనకి ఈ కేసు ఎందుకు దగ్గరో ఆలోచించండి. 1/70 వల్ల ఏజెన్సీ భూమి గిరిజనేతరుడి పేరు మీదికి పోదు. అందుకే మన ఆడపిల్లని చేసుకుని ఆమె పేరు మీద భూమి పెట్టుకుని వాడుకునేవాళ్ళ కథలు ఏజెన్సీ అంతటా వింటూనే ఉన్నాం. అలాంటి ఇంట్లో భూమి గొడవ మొదలైతే ఆ పిల్ల ఒంటరిది. పుట్టింటివాళ్ళు "అది మొగుడూ పెళ్ళాల గొడవ" అనుకోకూడదు.

5. 'కట్నం' మాట అర్థం పెరిగింది

ఆ తర్వాత కోర్టు చూపు కొంచెం కొంచెం మారింది. 2007లో ఒక మహారాష్ట్ర కేసులో ఇంటి ఖర్చులకి, ఎరువులకి డబ్బు అడగడం కట్నం కాదన్నారు. 2015లో రాజిందర్ సింగ్ కేసులో ముగ్గురు జడ్జీలు ఆ మాట తప్పని చెప్పి, పెళ్ళి తర్వాత ఆ పెళ్ళిని అడ్డం పెట్టుకుని అడిగే డబ్బు కూడా కట్నమే అన్నారు. 2021లో సత్బీర్ సింగ్ కేసు, 2022 జనవరిలో జోగేంద్ర కేసు. రెండింటిలోనూ బెంచికి పెద్ద మన తెలుగువాడు, అప్పటి ప్రధాన న్యాయమూర్తి ఎన్.వి. రమణ. జోగేంద్ర కేసులో ఇల్లు కట్టుకోవడానికి డబ్బు అడిగారు. పిల్లే స్వయంగా పుట్టింటివాళ్ళని అడిగింది కాబట్టి కట్నం కాదని హైకోర్టు వదిలేసింది. సుప్రీంకోర్టు దాన్ని తిప్పికొట్టింది. బలవంతం మీద ఆమె నోటితో అడిగించినా అది అత్తింటివాళ్ళు అడిగినట్టే అని దాని సారం. "మర్యాద", "సాయం" అని పేరు మార్చి అడిగేవాళ్ళు ఇది వినాలి.

'చావుకి ముందు దగ్గర కాలం' అంటే ఎన్ని రోజులు? కోర్టులు లెక్క గీయలేదు. హింసకి, చావుకి మధ్య తెగని సంబంధం కనపడాలి అన్నాయి. అదే సమయంలో ఇంకో హెచ్చరిక కూడా చేశాయి: ఇంట్లో ఉన్న ప్రతి బంధువు పేరూ కేసులో రాస్తే నిజమైన నేరం కూడా బలహీనపడుతుంది. 2000లో కన్స్‌రాజ్ కేసులో ఈ మాట గట్టిగా చెప్పారు. ఎవరు ఏం చేశారో అదే చెప్పాలి. ఊరు కోపంతో అందర్నీ ఇరికిస్తే అసలు వాడు బయటపడతాడు.

6. చనిపోయినవాళ్ళ మాట

ఇంకో తెలుగు కేసు. 1937 మార్చిలో పూరీలో రైలు మూడో తరగతి పెట్టెలో ఒక ఇనప ట్రంకు దొరికింది, లోపల శవం. చనిపోయినవాడు పిఠాపురం దివాను దగ్గర పని చేసిన మనిషి. బరంపురం వెళుతున్నా, రావాల్సిన డబ్బు తెచ్చుకుంటా అని భార్యతో చెప్పి బయల్దేరాడు. ఆ మాట సాక్ష్యమవుతుందా? 1939లో లండన్‌లో ప్రివీ కౌన్సిల్ అవుతుందంది. చావు దగ్గరపడిందని తెలియకపోయినా, చావుకి దారితీసిన పరిస్థితుల గురించి మనిషి చెప్పిన మాట చెల్లుతుంది అంది. అదే పాకాల నారాయణస్వామి కేసు.

ఆ తీర్పు కట్నం కేసుల్లో ప్రాణంలాంటిది అయింది. 1984లో శారదా కేసులో కొత్త కోడలు అక్కకి, స్నేహితురాలికి రాసిన ఉత్తరాల్ని ఈ సూత్రం మీదే సాక్ష్యంగా తీసుకున్నారు. ఆ కేసులో భర్త అనుమానం లాభం మీద బయటపడ్డాడు గానీ, ఉత్తరాలు చెల్లుతాయన్న సూత్రం నిలిచింది. కొత్త సాక్ష్య చట్టంలో అది సెక్షన్ 26. ఈ రోజుల్లో ఉత్తరం అంటే ఫోన్‌లో వాయిస్ మెసేజ్. అక్క పంపిన ఏడుపు మెసేజ్‌ని స్టోరేజ్ నిండిందని డిలీట్ చేయకండి.

మన దగ్గర ఇంకో సమస్య భాష. కాలిన ఒంటితో ఉన్న పిల్ల కోయలోనో కువిలోనో ఆదివాసీ ఒడియాలోనో చెబితే, తెలుగులో రాసుకునే మేజిస్ట్రేట్‌కి సగమే చేరుతుంది. ఆమె మాట తెలిసినవాళ్ళు పక్కన ఉండి అనువాదం చేయాలని మనమే పట్టుబట్టాలి.

7. కుల పంచాయతీ, కోర్టు

మన పెళ్ళికి రిజిస్టరు లేదు, ఫోటో కూడా ఉండకపోవచ్చు. హిందూ వివాహ చట్టం షెడ్యూల్డ్ తెగలకి మామూలుగా వర్తించదు కూడా. మరి 498ఎ, 304బి మనకి వర్తిస్తాయా? వర్తిస్తాయి. అవి నేర చట్టాలు, అందరికీ ఒకటే. ఆచారం ప్రకారం జరిగిన పెళ్ళి పెళ్ళే. 2009లో మన రాష్ట్రానిదే కొప్పిసెట్టి సుబ్బారావు కేసులో భర్త "నాకు ముందే ఒక భార్య ఉంది కాబట్టి ఈమె నా భార్యే కాదు" అని తప్పించుకోబోయాడు. పెళ్ళాంగా తెచ్చుకుని హింసించి, ఇప్పుడు పెళ్ళి చెల్లదంటే కుదరదని సుప్రీంకోర్టు చెప్పింది.

మన పెద్దల పంచాయతీ మీద మాకు గౌరవం ఉంది. మొగుడూ పెళ్ళాల తగువులు అక్కడే చాలా తీరుతాయి. కానీ చావుకి తప్పు కట్టించి, కోడినో మేకనో కోసి, మాట ముగించే హక్కు ఎవరికీ లేదు. వరకట్న మరణం రాజీ పడే నేరం కాదు. పైగా నోటి పంచాయతీ కోర్టుకి కనపడదు. మూడుసార్లు పంచాయతీ జరిగినా ఒక్క కాగితం లేకపోతే, "దగ్గర కాలంలో హింస" అన్నదానికి రుజువే ఉండదు. కాబట్టి పెద్దలకి మన మనవి: తేదీ వేసి, ఏం అడిగారో రాసి, అందరి వేలిముద్రలు పెట్టించండి. ఆ కాగితం రేపు ఒక పిల్ల ప్రాణం కాపాడొచ్చు, లేదా ఆమె తరఫున మాట్లాడొచ్చు.

జరగకూడనిది జరిగితే మాత్రం ఇవి మర్చిపోకండి:

శవాన్ని తొందరపడి పూడ్చొద్దు, కాల్చొద్దు. పెళ్ళయిన ఏడేళ్ళ లోపు అనుమానపు చావు అయితే పోస్టుమార్టం తప్పనిసరి, తహసీల్దారు స్థాయి మేజిస్ట్రేట్ శవపంచనామా చేయాలి. "ఒళ్ళు కోస్తారు" అని మన అవ్వలు భయపడతారు, నచ్చజెప్పండి. ఆ ఒళ్ళే చివరి సాక్షి.

ఫిర్యాదులో చూసింది, విన్నది, తేదీలతో రాయండి. ఊహించింది రాయొద్దు.

లాయరు ఫీజు లేదని ఆగొద్దు. 1987 న్యాయ సేవల చట్టం ప్రకారం ఎస్టీలకి, ఆడవాళ్ళకి ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయరుని ఇస్తారు. ఫోన్ నంబరు 15100. హింస జరుగుతుండగానే అయితే 181.

ముగింపు

దేశం మొత్తం మీద 2022 ఒక్క సంవత్సరంలో నమోదైన వరకట్న మరణాలు 6,450 అని జాతీయ నేర రికార్డుల బ్యూరో లెక్క. అప్పటికి 64 ఏళ్ళ కిందే మన రాష్ట్రం చట్టం చేసినా ఈ లెక్క ఇంత ఉంది. కోర్టు చావు తర్వాతే వస్తుంది, అదీ పదమూడేళ్ళకో ముప్పై నాలుగేళ్ళకో తీర్పు చెబుతుంది. చావుకి ముందు రావాల్సింది మనం.

మన తాతలు అడవి కోసం, భూమి కోసం ఈ కొండల్లో కొట్లాడారు. కింద నుంచి వచ్చినవాటిలో వద్దన్నవాటిని వద్దన్నారు. కట్నం కూడా కింద నుంచి వచ్చిందే. ఈ గ్రూపులో ఉన్న మన తమ్ముళ్ళు, అన్నలు, ముఖ్యంగా రేపు ఉద్యోగం రాబోయేవాళ్ళు, ఒక్క మాట అనుకుందాం: మన పెళ్ళికి బండి అడగం, మన ఇంట్లోవాళ్ళని అడగనివ్వం. చెల్లెళ్ళారా, అడిగిన ఇంటికి వెళ్ళనని చెప్పే హక్కు మీకుంది. మన అవ్వలకి ఆ హక్కు ఉండేది, మనం దాన్ని పోగొట్టుకోవద్దు.

చదివినవాళ్ళు మీ ఊళ్ళో చదవడం రాని పెద్దవాళ్ళకి మన భాషలో చెప్పండి. ఓలి గురించి మీ తెగలో ఉన్న పద్ధతులు కూడా రాయండి, అందరం నేర్చుకుందాం.

జై ఆదివాసీ.